స్వప్నరూపకము : శబ్దార్థవిచారము

అంబాజీపేటలోఁ గొబ్బరికాయల నమ్మువాఁడొకఁడు రాత్రి నిద్రలో నూఱు మాడలు చేకొని, వానిలోఁ బదింటితో నొక యేనుఁగును గొని, దానిపై నెక్కి గౌతమిని దాఁటినట్లు కల గాంచెననుకొనుఁడు. మాడ నాతఁ డెన్నఁడును జూచి యెఱుఁగఁడు, పేరుమాత్రము వినియున్నాఁడు. మేల్కాంచినపిమ్మట నేనుఁగును లేదు, చేతఁ గాసును లేదు. ఇట్టి నాణెమును జెప్పు శబ్దమున కర్థమున్నదా? ఉన్నచో నెచ్చటనున్నది? లేదేని దానికిఁ బ్రాతిపదికసంజ్ఞ యెట్లు కలుగును? విభక్తు లెట్లు చేరును? ఇది పిల్లలాటగాఁ దోఁచును గాని, శాస్త్రకారులు దీనికై తక్కువ శ్రమపడలేదు.

మొదట నాణెమన నేమో తెలియవలయును. పాణినీయమునఁ బంచమాధ్యాయ ద్వితీయపాదమందు రూపశబ్దమునకు ఆహతార్థమున యప్ప్రత్యయము విధింపఁబడినది. ఆహతమనఁగాఁ గొట్టుటచే ముద్ర యేర్పడినది. కావున 'రూప్యము' అనఁగా నచ్చు పడిన నాణెము; నేఁటి 'రూపాయి' దాని సంతతియే. 'నాణక' శబ్దము యాజ్ఞవల్క్యస్మృతియందును మృచ్ఛకటికమందును గలదు. మన 'నాణెము' దాని వికృతి. బంగారుముద్ద నాణెము కాదు, ఆహతరూపము కలిగినప్పుడే నాణెము. కలలోని మాడకు లోహము లేదు, రూపమున్నది. వేదాంతుల మతమున నా రూపమును గొట్టునది జాగ్రద్వాసన. మాడను జూడనివానికి మాడవాసన యెట్లు కలిగెనన్న, పేరు వినుటవలనఁ బుట్టిన సంస్కారమును, ఎన్నఁడో చూచిన బంగారపు సంస్కారమును గూడి యా పని చేసినవి.

మేలుకొనియుండియుఁ గలలు గనువారు కలరు. పంచతంత్రమున నపరీక్షితకారకమందు స్వభావకృపణుఁడను బ్రాహ్మణుఁడు పేలపిండికుండను జూచుచుఁ బరుండి, కఱవు వచ్చినచో దానికి నూఱు రూపకములు వచ్చుననియు, వానితో మేఁకలను, మేఁకలచే నావులను, పిదప గేదెలను గుఱ్ఱములను సంపాదింతుననియుఁ దలఁచి, పుట్టని కొడుకునకు సోమశర్మయని పేరుకూడఁ బెట్టెను. హితోపదేశమున సంధియందు దేవీకోటనగరపు దేవశర్మ తలఁచినది పది కపర్దకములు, అనఁగా గవ్వలు. గ్రంథము మాఱఁగా నాణెము మాఱినది, మనోరథము మాఱలేదు. ఇరువురును గ్రొత్త నాణెమును గల్పింపలేదు. అంగడిలో నడచుదానినే తలఁచిరి. కల్పితమైనది దాని యభివృద్ధి. దేవశర్మ పడకొన్నది కుమ్మరి మండపము. అతఁడు విసరిన కఱ్ఱచేఁ దన పిండిమూఁకుడు మాత్రమే కాక కుమ్మరి కుండలును బగిలినవి. లేని గవ్వలచే నున్న కుండలు నష్టమైనవి. మిథ్యకు ఫలము లేదనువారు కుమ్మరి నడుగవలయును.

ఇఁక శబ్దవిచారము. నైయాయికులు శశశృంగమునుగూర్చి చెప్పినదే యిచ్చటను జెప్పుదురు: కుందేలు వేఱ ప్రసిద్ధము, కొమ్ము వేఱ ప్రసిద్ధము, వాని సంబంధము మాత్రమే భ్రాంతికల్పితము. అట్లే స్వప్నము ప్రసిద్ధము, రూపకము ప్రసిద్ధము. సమాసమునకిది చాలును. కాని స్వప్నములోని వర్తకుఁడు తన నాణెమునకు 'డిత్థము' అని పేరుపెట్టెనేని? అది యదృచ్ఛాశబ్దము; విడఁదీయుటకు ముక్కలు లేవు. అప్పుడు నైయాయికుల త్రోవ యిఱుకగును. భర్తృహరి వాక్యపదీయమున సంబంధసముద్దేశమందు ఉపచారసత్తను జెప్పెను. వస్తువు వెలుపల నున్నను లేకున్నను, శబ్దము తన యర్థమును బుద్ధిలో నిలిపియే చెప్పునని దాని సారము. నాగేశభట్టు మంజూషలో దీనినే బౌద్ధార్థమని స్థాపించి, శశశృంగాదులకును అర్థవత్సూత్రముచేతనే ప్రాతిపదికత్వము సిద్ధించుననెను. 'బౌద్ధ' మనఁగా నిచ్చట బుద్ధియందున్నదని; సుగతమతముతోఁ బొత్తు లేదు. విద్యార్థులు తఱచుగాఁ బొరపడు తావిది.

అర్థము బుద్ధిలోనిదే యైనచో మంచి నాణెమునకును దొంగనాణెమునకును భేదమేమని యాక్షేపింపవచ్చును. భేదము శబ్దమువలనఁ గాదు, పరీక్షవలనఁ దెలియును. దొంగనాణెమును మంచిదనియు, మంచిదానిని దొంగనాణెమనియుఁ జెప్పిన నాణకపరీక్షకునకు యాజ్ఞవల్క్యుఁడు ఉత్తమసాహసదండమును విధించెను; అది యాతని లెక్కలో 1080 పణములు. స్వప్నరూపకము దొంగనాణెమునుగాదు. దొంగనాణెము జాగ్రత్తులోనే పుట్టి జాగ్రత్తులోనే పట్టుపడును. కలలోని మాడ కలలో నేనుఁగును దెచ్చినది. అక్కడి పరీక్షకుఁడును దానిని దోషమనలేదు. గౌడపాదులు వైతథ్యప్రకరణమున నీ సంగతినే మఱియొక వైపునుండి చూపిరి: జాగ్రత్తులోఁ గడుపునిండఁ దిన్నవాఁడును గలలో నాఁకలిగొనును గావున జాగ్రద్వస్తువుల ప్రయోజనముకూడఁ గలలోనికిఁ బోదు. రూపాయల మూట తలక్రింద నుంచుకొని నిద్రించువాఁడు కలలో బిచ్చమెత్తవచ్చును. శంకరాచార్యులు సూత్రభాష్యమున నింకొక మాట చేర్చిరి: కలలోఁ జూచినది మిథ్యయైనను, చూచితినన్న జ్ఞానము మేల్కొన్నపిమ్మటను బాధింపఁబడదు. కొబ్బరికాయల వర్తకుఁడు పోఁగొట్టుకొన్నది మాడలను, వాని యెఱుకను గాదు.

ఆ మాడ యొకప్పుడు నిక్కముగా నడచిన బంగారునాణెము. గౌతమి కావలనున్న దాక్షారామ భీమేశ్వరాలయ శాసనములలో నఖండదీపములకు మాడలు సమర్పించిన దాతలు పలువురు కలరు. రాజరాజనరేంద్రుని (1022–1061) బంగారునాణెములు బర్మాలోని అరకానులోను సియాములోను దొరకినవి. పిమ్మట మాడయనఁగా నరవరహా యని నిఘంటువుల కెక్కినది. నేఁడు నాణెమును లేదు, వరహాయును లేదు, మాట మాత్రము మిగిలినది. ఇది పూర్వకాలమునకే చెల్లునని తలఁపరాదు. 1957 ఏప్రిలు 1వ తేదీన దశాంశపద్ధతి వచ్చి యణా లెక్క పోయినను, రాజోలు కొత్తపేట యంగళ్లలో నిరువదియైదు పైసలు 'పావలా'గానే చెల్లినవి. 2011 జూను 30తోఁ బావలా చెలామణియు ముగిసెను. దమ్మిడీ యంతకు ముందే పోయినది. అయినను దమ్మిడీ యాదాయము లేదు, క్షణము తీఱిక లేదన్న సామెతను దమ్మిడీని గంటఁ జూడని పిల్లలును అర్థమెఱిఁగియే పలుకుచున్నారు.