ఫైలు సముద్రం దాటదు

గుంటూరు కోర్టులో ఉన్న పిల్లల గార్డియన్‌షిప్ కేసును హైదరాబాదుకు మార్చుకోవాలంటే 2018 దాకా ఉమ్మడి హైకోర్టులో అర్జీ పెట్టుకుంటే సరిపోయేది. 2019 జనవరి 1న ఆంధ్రప్రదేశ్‌కు వేరే హైకోర్టు వచ్చింది. అప్పటినుంచి అదే పనికి ఢిల్లీ దాకా వెళ్ళాలి. ఒక రాష్ట్రంలోని కోర్టు నుంచి మరో రాష్ట్రంలోని కోర్టుకు కేసు మార్చే అధికారం సివిల్ ప్రొసీజర్ కోడ్ 25వ సెక్షన్ కింద సుప్రీంకోర్టుకే ఉంది. దూరం పెరిగినా దారంటూ ఒకటుంది.

సింగపూర్ నుంచి హైదరాబాదుకైతే ఆ దారి కూడా లేదు. రెండు దేశాల కోర్టులకూ పైన కూర్చుని "ఈ ఫైలు అక్కడికి పంపండి" అనే కోర్టు ఏదీ లేదు. మన ఐటీ ఆఫీసుల్లో టికెట్‌ను ఇంకో టీమ్‌కు అసైన్ చేసినట్టు కుదరదు. ఒకచోట కేసు ఆపించుకుని, రెండోచోట కొత్తగా వేసుకోవాల్సిందే.

మరి ఎక్కడ వేయాలి? మన 1890 నాటి గార్డియన్స్ అండ్ వార్డ్స్ చట్టం 9వ సెక్షన్ ప్రకారం, బిడ్డ మామూలుగా నివసించే చోట. ఈ "మామూలుగా" అన్న మాట చుట్టూనే గొడవంతా. పెన్సిల్వేనియాలో ఉండే ఒక తెలుగు తల్లి 2017లో ఇద్దరు పిల్లలతో హైదరాబాదు వచ్చి, కొద్ది వారాల్లోనే అక్కడి ఫ్యామిలీ కోర్టులో కేసు వేసింది. పిల్లలు అమెరికాలో పుట్టారు, వాళ్ళ ఇల్లు అక్కడే. ఆ కేసు వినే అధికారం హైదరాబాదు కోర్టుకు లేదని, పిల్లల్ని తిరిగి పంపాలని 2019లో సుప్రీంకోర్టు చెప్పింది. అదే సుప్రీంకోర్టు 2017లో ఇంకో కేసులో, విదేశీ కోర్టు ఆర్డరు ఉన్నా బిడ్డ క్షేమమే ముందు అంటూ ఒక పాపను బ్రిటన్‌కు పంపడానికి ఒప్పుకోలేదు. ఏ ఇంటి కేసు ఎటు తిరుగుతుందో ముందే చెప్పలేం.

పిల్లల్ని ఒక దేశం నుంచి ఇంకో దేశానికి ఎత్తుకుపోతే తిరిగి రప్పించే హేగ్ ఒప్పందం సింగపూర్‌లో 2011 మార్చి 1 నుంచి అమల్లో ఉంది. భారత్ అందులో చేరలేదు. కాబట్టి ఇక్కడ మిగిలిపోయిన తల్లో తండ్రో అక్కడి హైకోర్టులో హెబియస్ కార్పస్ వేసుకోవాల్సి వస్తుంది.

సింగపూర్‌లో మనవాళ్ళకు ఇంకో చిక్కుంది. డిపెండెంట్ పాస్ మీద ఉన్నవాళ్ళ నివాసం భర్తదో భార్యదో అయిన ఎంప్లాయ్‌మెంట్ పాస్‌కు ముడిపడి ఉంటుంది. కాపురం చెడి పాస్ రద్దయితే, కేసు నడపాల్సిన దేశంలోనే ఉండే వీలుండదు. ఇక్కడ విడాకుల కేసు వేయాలంటే, దంపతుల్లో ఒకరికి ఇది శాశ్వత నివాస దేశమై ఉండాలి, లేదా కేసు వేసేనాటికి మూడేళ్ళుగా ఇక్కడే నివసిస్తూ ఉండాలి. నిన్నగాక మొన్న వచ్చిన జంటకు ఆ తలుపూ మూసినట్టే.

ఇద్దరూ ఒప్పుకుంటే రెండు దేశాల్లోనూ ఒకే రకం ఆర్డరు తెచ్చుకోవచ్చు. దీన్నే మిర్రర్ ఆర్డర్ అంటారు. 2020లో సుప్రీంకోర్టు కెన్యాలో ఉండే ఒక తండ్రికి ఈ షరతు మీదే కొడుకును అప్పగించింది. పిల్లవాణ్ణి తీసుకెళ్ళాక ఆయన మాట తప్పాడు. 2021లో కోర్టు తన తీర్పును వెనక్కి తీసుకుంది. కాగితం ఉన్నా కాపలా అవసరమే.

ఇక్కడ సెలవులంటే డిసెంబరు. "పిల్లల్ని ఊరికి తీసుకెళ్తున్నా" అన్న మాట మామూలుగా వినిపించే నెల. మీకు తెలిసిన ఇంట్లో ఆ మాట వెనక గొడవ ఉందనిపిస్తే, టికెట్లు బుక్ చేయకముందే రెండు దేశాల్లోనూ ఒక్కో లాయరుతో మాట్లాడమనండి. బిడ్డ స్కూలు, డాక్టరు కాగితాలు జాగ్రత్త చేయమనండి. రేపు "ఈ బిడ్డ ఇల్లు ఎక్కడ?" అని జడ్జి అడిగితే చూపించాల్సింది అవే.