రేవతి పెళ్ళికి ఎంత ఆలస్యమైంది?

"మాయాబజార్" (1957) చూడని తెలుగువారు కెనడాలో కూడా అరుదు. అందులో శశిరేఖ తల్లి రేవతి గుర్తుందా? ఛాయాదేవి వేసిన పాత్ర. పుట్టిన తేదీల లెక్క చూస్తే, ఆవిడ భర్త బలరాముడికన్నా పదకొండు కోట్ల ఏళ్ళకు పైగా పెద్దది! పురాణాల్లో కాలం తెగి మళ్ళీ అతుక్కున్న చిత్రమైన కథ ఇది.

కథ భాగవతం నవమ స్కంధంలో ఉంది. తెలుగులో పోతన చెప్పాడు. వైవస్వత మనువు కొడుకు శర్యాతి. ఆయన మనవడు రేవతుడు సముద్రం మధ్యలో కుశస్థలి అనే నగరం కట్టించాడు. రేవతుడి కొడుకు కకుద్మి, అతని కూతురు రేవతి. తగిన వరుడెవరో బ్రహ్మనే అడుగుదామని కకుద్మి కూతుర్ని వెంటబెట్టుకుని సత్యలోకానికి వెళ్ళాడు. అక్కడ గంధర్వులు పాడుతున్నారు. పాట మధ్యలో పెళ్ళి మాటలు ఏం బాగుంటాయని కాసేపు ఆగాడు. పాట అయ్యాక అడిగితే బ్రహ్మ నవ్వాడు. నువ్వు మనసులో అనుకున్నవాళ్ళు ఎప్పుడో పోయారు, వాళ్ళ కొడుకులు, మనవల మాట అటుంచి గోత్రాలు కూడా వినబడటం లేదు, కింద ఇరవై ఏడు మహాయుగాలు గడిచిపోయాయి అన్నాడు.

ప్రోగ్రాములు రాసి బతికేవాణ్ణి కనుక అంకె కనబడితే సరిచూడకుండా ఉండలేను. ఒక మహాయుగం 43,20,000 ఏళ్ళు. ఇరవై ఏడైతే 11,66,40,000 ఏళ్ళు. బ్రహ్మకు ఒక పగలు అంటే వెయ్యి మహాయుగాలు. ఆ పగటిని మన పన్నెండు గంటలతో సమానం చేసి చూస్తే, కకుద్మి ఆగింది 19 నిమిషాల 26 సెకన్లు. తీరిగ్గా రాగం ఆలపించి, స్వరకల్పనతో ఒక కీర్తన పాడటానికి సరిపోయే సమయం!

ఇంకో లెక్క కూడా కుదురుతుంది. మనం పూజలో సంకల్పం చెప్పుకునేటప్పుడు, వైవస్వత మన్వంతరంలో ఇది ఇరవై ఎనిమిదవ మహాయుగమని చెప్పుకుంటాం. కకుద్మి ఆ మనువుకు అయిదో తరంవాడు, అంటే మన్వంతరం మొదట్లోవాడు. ఇరవై ఏడు గడిస్తే సరిగ్గా ఇరవై ఎనిమిదిలోకి వస్తాడు. బలరాముడున్న ద్వాపరం అందులోదే. ఈ కథ చెప్పినవాళ్ళకు తమ లోకపు క్యాలెండరు మీద మంచి పట్టుంది.

ఇక్కడే మన సభల్లో ఎవరో ఒకరు లేచి, "ఐన్‌స్టీన్ చెప్పింది మనవాళ్ళు ముందే చెప్పారు" అంటారు. "ఇంటర్‌స్టెల్లార్" (2014) సినిమాలో ఒక గ్రహం మీద గంట గడిస్తే భూమి మీద ఏడేళ్ళు గడవటం చూసిన పిల్లలు ఆ మాటకు ఆశగా తలెత్తుతారు. వాళ్ళకు నిజం చెప్పటం మన బాధ్యత. ఐన్‌స్టీన్ 1915లో పూర్తిచేసిన సిద్ధాంతం ప్రకారం, గురుత్వాకర్షణ ఎక్కువున్న చోట గడియారం నెమ్మదిస్తుంది. పైకి వెళ్ళేకొద్దీ వేగంగా నడుస్తుంది. టొరాంటోలో సి.ఎన్. టవర్ ఎత్తు 553 మీటర్లు. దాని కొసన ఉన్న గడియారం కింద ఉన్నదానికన్నా రోజుకు దాదాపు అయిదు నానోసెకన్లు ముందుకు పోతుంది. మన కార్లకు దారి చూపే జి.పి.ఎస్. ఉపగ్రహాల్లో, వాటి వేగం వల్ల వచ్చే తగ్గుదల పోగా, రోజుకు 38 మైక్రోసెకన్ల తేడా వస్తుంది. దాన్ని సరిచేయకపోతే ఒక్క రోజులో పది కిలోమీటర్లు దారి తప్పుతాం.

కకుద్మి విషయంలో జరిగింది దీనికి తలకిందులు. పైలోకంలో కాలం నెమ్మదించి, కింద పరుగెత్తింది. కాబట్టి ఇది భౌతికశాస్త్రం కాదు. అలాగని కథ విలువేమీ తగ్గదు. మనిషి కాలాన్ని ఎలా అనుభవిస్తాడో ఇందులో ఉంది.

ఆ అనుభవం మన వలసవాళ్ళకు కొత్త కాదు. "రెండేళ్ళుండి వెళ్ళిపోదాం" అని వచ్చినవాళ్ళం, ఉద్యోగం కుదిరాక అని, పిల్లల చదువయ్యాక అని, పాట అయిపోయేదాకా ఆగాం. ఈలోగా అక్కడ ఊళ్ళు మారిపోయాయి. ఆంధ్రప్రదేశ్‌లోని హైదరాబాదు నుంచి బయల్దేరినవాళ్ళకు 2014 జూన్ 2 తర్వాత అది తెలంగాణ హైదరాబాదు. పెళ్ళి సంబంధాల దగ్గర మాత్రం మన మనసు విమానం ఎక్కిన రోజునే ఆగి ఉంటుంది.

రేవతి సంగతి కూడా ఆలోచించాలి. తనను ఎవరూ అడగలేదు. తండ్రి వెంట వెళ్ళి, తిరిగి వచ్చేసరికి తన ఈడువాళ్ళు ఒక్కరూ లేని కాలంలో దిగింది. ఆ పాతయుగం మనిషి మరీ పొడుగ్గా ఉందని బలరాముడు నాగలి కొనతో ఆమెను వంచి పొట్టి చేశాడని విష్ణుపురాణం చెబుతుంది. ఇక్కడ బడిలో ఒక కొలతకు, ఇంట్లో ఇంకో కొలతకు ఒదగాల్సి వచ్చే మన పిల్లలకు ఆ నాగలి తెలుసు.

అయితే, పోయిన యుగాన్ని వెనక్కి తెమ్మని బ్రహ్మ కకుద్మికి చెప్పలేదు. ఇప్పుడు భూమి మీద బలరాముడున్నాడు, అతనికివ్వమన్నాడు. కకుద్మి దిగివచ్చి, తనవాళ్ళు వదిలిపోయిన ఊరు చూసి, కూతురి పెళ్ళి చేసి, బదరికి తపస్సుకు వెళ్ళిపోయాడు. పదకొండు కోట్ల ఏళ్ళు పోయినందుకు అతను ఏడ్చినట్టు కథలో ఎక్కడా లేదు. ఉన్నవాళ్ళలో తగినవాణ్ణి చూసుకున్నాడు, అంతే.