మీకు తెలుసా? రంగు తాగే అంచు

కొత్తగా చేయించిన అల్మారాకు రంగు బాగా కుదిరిందో లేదో తెలియాలంటే తలుపు ముఖం చూసి లాభం లేదు, పక్కకు జరిగి అంచు చూడాలి. ఎండీఎఫ్ బోర్డు మీద ముఖం నున్నగా రావడం పెద్ద గొప్పేం కాదు; ఆ నునుపు ఫ్యాక్టరీలోనే వచ్చేసి ఉంటుంది. పనితనమంతా మందం కనిపించే ఆ 18 మిల్లీమీటర్ల దగ్గరే బయటపడుతుంది.

ఎందుకంటారా? చెక్కను పీచుపీచుగా విడగొట్టి, రెజిన్ జిగురు, కాస్త మైనం కలిపి, వేడి ప్రెస్సు కింద నొక్కితే ఎండీఎఫ్ అవుతుంది. ప్రెస్సు వేడి ముందుగా పైపొరలకు తగులుతుంది కాబట్టి అవి బాగా అణిగి బిగుసుకుంటాయి. నడుమ భాగం అంతగా బిగుసుకోదు. రంపంతో కోసినా, సీఎన్‌సీ మిషన్‌తో గాడి డిజైన్లు తీసినా బయటపడేది ఆ వదులు భాగమే. ఒకే డబ్బాలోని రంగు ముఖం మీద నిగనిగలాడుతూ నిలుస్తుంది, అంచులోకి మాత్రం బ్లాటింగ్ పేపర్ మీద సిరాలా ఇంకిపోతుంది.

నీళ్లు కలిపే ప్రైమర్ వేస్తే ఇంకో తంటా. బోర్డులోని పీచు తనంతట తాను పడుకున్నది కాదు, వేడి పెట్టి బలవంతాన అణిచినది. తడి తగలగానే లేచి కూర్చుంటుంది, ఆరాక కూడా మళ్లీ అణగదు. చేత్తో నిమిరితే గరగరమంటుంది. అనుభవమున్న పెయింటర్లు మొదటి కోటుగా ఆయిల్ ప్రైమరో పీయూ సీలరో వేసేది అందుకే. నీళ్ల ప్రైమరే వాడాల్సి వస్తే పలచగా ఒక కోటు వేసి, పూర్తిగా ఆరనిచ్చి, లేచిన పీచును 320 నంబరు ఉప్పు కాగితంతో తీసేసి, ఆపైన రెండో కోటు వేయాలి. ఈసారి అంతగా లేవదు. ఫెవికాల్‌లో నీళ్లు కలిపి అంచుకు పూసే అలవాటూ కొందరికి ఉంది. రంధ్రాలు మూసుకుంటాయన్న మాట నిజమే గానీ అందులోనూ ఉన్నది నీళ్లే. పైగా ఆరిన జిగురును రుద్దితే రాపిడి వేడికి మెత్తబడి కాగితానికే అతుక్కుంటుంది. నాకైతే ఆ చిట్కా మీద నమ్మకం లేదు.

నీటి చుక్క తగలకుండా రంధ్రాలు మూసే పాత మందు మన దేశంలోనే ఉంది: లక్క. కుసుమ, మోదుగ, రేగు చెట్ల కొమ్మల మీద చిన్న పురుగులు స్రవించే బంక అది. దాన్ని పండించడంలో ఝార్ఖండ్ పేరున్న రాష్ట్రం. శుద్ధి చేసిన లక్క రేకులను స్పిరిట్‌లో కరిగించి పూస్తే చూస్తుండగానే ఆరిపోతుంది, పీచును లేపదు. విదేశాల్లో ఎండీఎఫ్ అంచులకు వాడే మేలురకం ప్రైమర్లలో కొన్ని లక్కతోనే చేస్తారు. మన ఏటికొప్పాక బొమ్మల మీద మెరిసేదీ లక్కే. అక్కడ మాత్రం స్పిరిట్ పని ఉండదు, లేతు మీద తిరుగుతున్న అంకుడు కర్రకు లక్క కడ్డీని ఆనిస్తే ఆ రాపిడికే కరిగి పట్టుకుంటుంది.

ఇక లప్పం. గోడకు పెట్టే లప్పం అంచుకు పెడితే మొదటి దెబ్బకే పెచ్చు ఊడుతుంది. చెక్కపనిలో వాడే ఎన్‌సీ పుట్టీ అందులోని థిన్నర్ ఎగిరిపోయేకొద్దీ కుంచించుకుపోతుంది. ఒకేసారి మందంగా మెత్తితే ఆ పూట సమంగా కనిపించిన చోటే కొన్నాళ్లకు గుంట తేలుతుంది. కార్ల షెడ్లలో హార్డెనర్ కలిపి వాడే పాలిస్టర్ పుట్టీ రసాయన చర్యతో గట్టిపడుతుంది కాబట్టి అంతగా కుంగదు.

అన్నట్టు, ఫర్నిచర్‌కు ముచ్చటపడి వేయించుకునే డ్యూకో కూడా ముందు కార్ల మీద పేరు తెచ్చుకున్నదే. అమెరికాలో డ్యూపాంట్ కంపెనీ చేసిన ఈ నైట్రోసెల్యులోజ్ లక్కరును 1923లో జనరల్ మోటార్స్ తన ఓక్లాండ్ కార్లకు వేసింది. అంతకుముందు ఒక కారుకు రంగులు వేసి ఆరబెట్టడానికి వారాలు పట్టేది, దీంతో కోటు కోటుకూ మధ్య ఎదురుచూపు గంటల్లోకి వచ్చింది. అంత త్వరగా ఆరడమే వానాకాలంలో దానికి చేటు. థిన్నర్ ఒక్కసారిగా ఆవిరవుతూ పైపొరను చల్లబరుస్తుంది, గాలిలోని తేమ దాని మీద పట్టి తెల్లటి మసక దిగుతుంది. కాకినాడలోనో మచిలీపట్నంలోనో ముసురు పట్టిన రోజున స్ప్రే గన్ పక్కన పెట్టేసే మేస్త్రిని బద్ధకస్తుడనుకోకండి.

ఉప్పు కాగితం వెనక ఉండే నంబరు గరుకు రేణువులను జల్లించే జల్లెడ లెక్కలోంచి వచ్చింది. అంగుళానికి ఎన్ని కన్నాలో అంత నంబరు. అందుకే నంబరు పెరిగేకొద్దీ కాగితం మెత్తబడుతుంది. లప్పానికి 180, కోటు కోటుకూ మధ్య 320, చివరి కోటుకు ముందు 400 అయితే సరిపోతుంది. రుద్దడం ఎక్కడ ఆపాలో తెలియకపోతే గది చీకటి చేసి టార్చిని బోర్డుకు దాదాపు ఆనించి ఏటవాలుగా వేయండి. ట్యూబులైటు కింద దాక్కున్న గీతలన్నీ నీడలతో సహా బయటికొస్తాయి. రంగు ఎంత గ్లాసీగా ఉంటే లోపం అంత ఎత్తి చూపుతుంది కాబట్టి ఓపిక తక్కువైనవాళ్లు మ్యాట్ ఎంచుకోవడం మంచిది.

రుద్దేటప్పుడు ముక్కుకు తువ్వాలు చుట్టుకుంటే చాలదు, ఎన్95 మాస్కు ఉండాలి. ప్రపంచ ఆరోగ్య సంస్థకు చెందిన క్యాన్సర్ పరిశోధనా సంస్థ చెక్క ధూళినీ, ఎండీఎఫ్ రెజిన్ జిగుళ్లలో ఎక్కువగా ఉండే ఫార్మాల్డిహైడ్‌నూ క్యాన్సర్ కారకాల మొదటి వర్గంలోనే చేర్చింది.

ముందువైపు మాత్రమే రంగు వేసి వెనకవైపు వదిలేస్తే తేమ ఒకవైపు నుంచే పీల్చుకుని తలుపు వంగుతుంది. వెనకా, కింది అంచూ, హింజి కోసం తవ్విన గుంటా అన్నిటికీ సీలర్ పడాల్సిందే. ఆకుపచ్చ బోర్డు కొన్నాం కదా, ఇవన్నీ ఎందుకని కొందరంటారు. ఆ పచ్చదనం గుర్తుపట్టడానికి కలిపిన రంగు, అంతే. తేమను తట్టుకునేది అందులోని జిగురు, అది కూడా వంటింటి ఆవిరి వరకే. సింకు కింద రోజూ నీళ్లు నిలిచే చోట ఆ బోర్డు కూడా కింది అంచు నుంచే ఉబ్బడం మొదలుపెడుతుంది.