పది వేళ్ళు, 1024 అరలు

కంప్యూటర్లు లేని రోజుల్లో లక్షల కార్డుల మధ్య నుంచి ఒక నేరస్థుడి వేలిముద్రలను పోలీసులు ఎలా వెతికి తీసేవారని ఒక పాఠకుడు అడిగారు. దీనికి జవాబు 1890ల నాటి కలకత్తాలో దొరుకుతుంది. మన దేశంలో పుట్టిన గొప్ప గణిత యుక్తుల్లో అదొకటని నా నమ్మకం.

ముందు రెండు ముక్కలు. తల్లి కడుపులో ఉండగానే వేలి కొసల మీద గట్లు ఏర్పడతాయి. వాటి అమరిక చనిపోయేదాకా మారదు. ఒకే పోలికతో పుట్టిన కవలలకైనా ఒకటిగా ఉండదు. ఆకారాలు ప్రధానంగా మూడు: ఒంపు తిరిగి అటు నుంచి ఇటు దాటిపోయే ఆర్చ్, వచ్చిన వైపుకే మళ్ళిపోయే లూప్, సుడి తిరిగే వోర్ల్. చిన్నప్పుడు మనం శంఖాలు, చక్రాలు అని లెక్కపెట్టుకున్నవి ఈ చివరి రెండే.

ఇంగ్లండులో ఫ్రాన్సిస్ గాల్టన్ 1892లో వేలిముద్రల మీద పెద్ద పుస్తకమే రాశాడు. కానీ ఆయన వర్గీకరణ పెద్ద కార్డుల గుట్టకు పనికిరాలేదు. సగానికి పైగా ముద్రలు శంఖాలే కావడంతో కార్డులన్నీ కొన్ని గుంపుల్లోనే పేరుకుపోయేవి. పైగా ఆ గీతల్లో జాతి లక్షణాలు వెతికి ఆయన బోలెడు శ్రమ వృథా చేసుకున్నాడు.

చిక్కు విప్పింది బెంగాల్ పోలీసులో పనిచేసిన అజీజుల్ హక్. ఆయన కలకత్తా ప్రెసిడెన్సీ కళాశాలలో గణితం చదివినవాడు. పది వేళ్ళనూ ఐదు జతలుగా తీసుకున్నాడు: కుడి బొటనవేలు–చూపుడువేలు, కుడి మధ్యవేలు–ఉంగరపువేలు, కుడి చిటికెనవేలు–ఎడమ బొటనవేలు, ఎడమ చూపుడువేలు–మధ్యవేలు, ఎడమ ఉంగరపువేలు–చిటికెనవేలు. ఈ జతల విలువలు వరుసగా 16, 8, 4, 2, 1. వేలి మీద చక్రం ఉంటే ఆ విలువ, లేకపోతే సున్నా. ప్రతి జతలో రెండో వేళ్ళ విలువలన్నీ కూడితే లవం, మొదటి వేళ్ళవి కూడితే హారం. రెండింటికీ ఒకటి చొప్పున కలపాలి.

ఒకరికి కుడి బొటనవేలు, కుడి ఉంగరపువేలు, ఎడమ బొటనవేలు, ఈ మూడింటి మీదే చక్రాలున్నాయనుకుందాం. లవం 8, 4, 1 కలిపి 13. హారం 16, 1 కలిపి 17. ఆ కార్డు 13/17 అరలోకి వెళుతుంది. చక్రమే లేనివారు 1/1, పదీ చక్రాలైతే 32/32. మొత్తం 32 × 32, అంటే 1024 అరలు. చక్రం ఉందా, లేదా అన్న ప్రశ్నను పదిసార్లు అడిగి జవాబులను ఒక సంఖ్యగా మార్చడమే ఇదంతా. నేటి కంప్యూటర్ల భాషలో చెప్పాలంటే పది బిట్లు! గుమాస్తా బొమ్మలు పోల్చుకుంటూ కూర్చోనక్కర్లేదు, నేరుగా అర తెరిస్తే చాలు.

1/1 అర మాత్రం కిక్కిరిసిపోయేది. శంఖం ఏ వైపుకు తిరిగింది, మధ్యలో ఎన్ని గట్లున్నాయి అన్న లెక్కలతో దాన్ని మళ్ళీ విడగొట్టేవారు. ఈ ఉపవిభాగాల పనిలో హక్ సహోద్యోగి హేమచంద్ర బోస్ కృషి ఉంది. ఇంత చేసినా పద్ధతికి పేరు మాత్రం వాళ్ళ పై అధికారి ఎడ్వర్డ్ హెన్రీది. ప్రపంచమంతా దాన్ని హెన్రీ పద్ధతి అనే పిలిచింది. నాకిది అన్యాయంగానే తోస్తుంది.

నేరం జరిగిన చోట సాధారణంగా దొరికేది ఒకటో రెండో వేళ్ళ ముద్ర, అదీ అరకొరగా. అక్కడ పది వేళ్ళ భిన్నం అక్కరకు రాదు, గట్లు ఆగేచోటు, చీలేచోటు ఒక్కొక్కటీ పోల్చాలి. ఆ పని ఇప్పుడు కంప్యూటర్లతో మొదలైనా తప్పులు పోలేదు. 2004 మాడ్రిడ్ రైలు పేలుళ్ళ కేసులో ఎఫ్‌బీఐ నిపుణులే ఒక అమెరికన్ న్యాయవాది ముద్రను పొరపాటుగా సరిపోల్చి, ఆయన్ని నిర్బంధించారు. ఇక వేలిముద్ర చూసి బియ్యం ఇచ్చే మన రేషన్ దుకాణాల సంగతి. నాట్లు వేసి, బట్టలుతికి గట్లు అరిగిపోయిన ముసలమ్మ వేలు యంత్రానికి ఆనకపోతే అది ఆమె తప్పు కాదు. ముద్ర పడలేదని బియ్యం ఇవ్వకుండా పంపేయడం మాత్రం తప్పే.