స్టూడియోలో పాడిన పాటను వేదిక మీద మళ్లీ రికార్డు చేయడం ఎందుకు?

స్టూడియోలో శుభ్రంగా రికార్డయిన పాట చేతిలో ఉండగా, అదే పాటను జనం కేకల మధ్య మళ్లీ రికార్డు చేసి లైవ్ ఆల్బమ్‌గా ఎందుకు తెస్తారు? రాక్ సంగీతం కొత్తగా వినేవాళ్లకు తప్పక వచ్చే సందేహం ఇది. ఆదోని, ఎమ్మిగనూరు పల్లెల్లో పద్యనాటకాలు చూసి పెరిగినవాళ్లకు మాత్రం దీని జవాబు సగం ముందే తెలుసు.

పాతకాలపు గ్రామఫోను ప్లేటు ఒక పక్కన సుమారు 3 నిమిషాలే పాడేది. అందుకే పద్యానికి రాగం కుదించాల్సి వచ్చేది. వేదిక మీద ఆ తొందర లేదు. జనం ఊపు చూసి నటుడు రాగం పెంచుతాడు, హార్మోనియం వెంట నడుస్తుంది. ‘వన్స్ మోర్’ అంటే అదే పద్యాన్ని ఇంకో తీరులో అందుకుంటాడు. ఆ పాట పుట్టడంలో విన్నవాళ్లకూ వాటా ఉంది.

రాక్‌లోనూ ఇంతేనా?

ఇంతే. బ్రిటన్‌కు చెందిన డీప్ పర్పుల్ బృందం 1972లో ‘మెషీన్ హెడ్’ ఆల్బమ్ తెచ్చింది. అందులో ‘స్పేస్ ట్రకిన్’ పాట నిడివి నాలుగున్నర నిమిషాలు. అదే ఏడాది ఆగస్టులో జపాన్‌లో వాయించినప్పుడు అది దాదాపు 20 నిమిషాలకు పెరిగింది. ఆ కచేరీలతో వచ్చిన ‘మేడ్ ఇన్ జపాన్’ రెండు ఎల్పీల ఆల్బమ్‌లో ఒక పక్కంతా ఆ పాటదే. ‘స్ట్రేంజ్ కైండ్ ఆఫ్ వుమన్’ పాటలో రిచీ బ్లాక్‌మోర్ గిటారు పలికించిన ప్రతి పలుకునూ ఇయాన్ గిలన్ గొంతుతో తిప్పి చెబుతాడు. నటుడికీ హార్మోనియానికీ మధ్య నడిచే పోటీ తెలిసిన చెవికి ఇది కొత్త కాదు.

ఎలా రికార్డు చేశారు?

జపాన్ రికార్డు కంపెనీ లైవ్ ఆల్బమ్ కావాలని అడిగింది. బృందానికి మొదట అంత ఇష్టం లేకపోయినా, తమ ఇంజినీరు మార్టిన్ బర్చే రికార్డు చేయాలని పట్టుబట్టి ఒప్పుకుంది. ఆగస్టు 15, 16 తేదీల్లో ఒసాకాలో, 17న టోక్యో బుడోకాన్‌లో, మూడు రాత్రులు 8 ట్రాకుల టేపు మీద రికార్డు చేశారు. గొంతు, వాయిద్యాలు వేర్వేరు ట్రాకుల్లో ఉంటే తర్వాత గొంతు ఒక్కదాన్నే పెంచవచ్చు, డ్రమ్ములను తగ్గించవచ్చు. మూడు రాత్రులు ఎందుకంటే, ఒకరోజు బాగా కుదిరిన పాట మరోరోజు కుదరకపోవచ్చు. ‘స్మోక్ ఆన్ ద వాటర్’ 15వ తేదీది, ‘లేజీ’ టోక్యోది, మిగతావాటిలో ఎక్కువభాగం 16వ తేదీవి.

కొన్ని బృందాలు తప్పులు దొర్లిన చోట్ల స్టూడియోలో మళ్లీ పాడి అతికిస్తాయి. ఈ ఆల్బమ్‌లో అలాంటి అతుకులు లేవని బృందంలో ఆర్గాన్ వాయించిన జాన్ లార్డ్ చెప్పాడు. నా దృష్టిలో లైవ్ ఆల్బమ్ విలువంతా అలా అతుకులు లేకపోవడంలోనే ఉంది.

మరి మన జాతర నాటకంలో ఫోనుతో రికార్డు చేసిన పాట ఎందుకు బాగోదు?

మైకు సెట్టు బాక్సుల ముందు నిలబడితే ఆ హోరును ఫోనులోని చిన్న మైకు తట్టుకోలేదు, ధ్వని పగిలిపోతుంది. పైగా ఫోను హోరు పెరిగితే తనంతట తానే శబ్దం తగ్గిస్తుంది, నిశ్శబ్దం వస్తే పెంచుతుంది. దాంతో రాగం మధ్యలో ఎగుడుదిగుడు వస్తుంది.

పోనీ మిక్సర్ నుంచి నేరుగా వైరు లాగుదామా? గొంతు స్పష్టంగా వస్తుంది కానీ జనం సందడి ఉండదు. మైకు పెట్టని వాయిద్యం వినిపించనే వినిపించదు.

మరి సరైన పద్ధతి ఏది?

మిక్సర్ ధ్వనినీ జనం సందడినీ కలపాలి. గొంతులు, హార్మోనియం, తబలా ఒక్కొక్కటి ఒక్కో ట్రాకులోకి వెళ్లాలి. జనం వైపు తిప్పిన రెండు మైకులు విడిగా ఉండాలి. ఈ రోజుల్లో చాలా డిజిటల్ మిక్సర్లు వైరుతో లాప్‌టాప్‌లోకే ట్రాకులు పంపుతాయి. మీటరు ఎర్రగీతను తాకకుండా కాస్త జాగా వదలాలి, ఎందుకంటే పగిలిన ధ్వనిని తర్వాత బాగుచేయడం చాలా కష్టం. ధ్వని సెకనుకు సుమారు 340 మీటర్లు పోతుంది. వేదికకు 34 మీటర్ల దూరంలో పెట్టిన మైకుకు పాట సెకనులో పదో వంతు ఆలస్యంగా చేరుతుంది. కలిపేటప్పుడు ఆ ట్రాకును అంత ముందుకు జరపాలి, లేకపోతే ఆ మైకులో చప్పట్లతోపాటు పడిన పద్యం రెండోసారి వినిపిస్తుంది.

పుష్యమాసంలో ఎమ్మిగనూరులో నీలకంఠేశ్వరస్వామి జాతర ఏటా వస్తుంది, కానీ ఒక నటుడు ఒక రాత్రి తీసిన రాగం మళ్లీ రాదు. డీప్ పర్పుల్‌కు ఆ మూడు రాత్రులు మిగిలాయంటే, రికార్డు చేయాలని ముందే అనుకుని ఏర్పాట్లు చేసుకున్నారు కనుకనే. మన నాటకాలకు కావలసింది కూడా ఆ ముందుచూపే. వచ్చే నాటకానికి మైకు సెట్టు మాట్లాడేటప్పుడే రికార్డింగ్ గురించి కూడా మాట్లాడుకోండి.