రొయ్యపిల్లకు మూడు పేర్లు

హైదరాబాదు నగరమునకు సముద్రము దూరము. రోడ్డు మార్గమున 300 కిలోమీటర్లకు పైగా ప్రయాణము చేసినగాని కెరటములు కంటబడవు. అయినను ఆ నగరములోని అశోక్ నగర్‌లో సముద్రప్రాణుల పేర్లు ప్రతిదినము వినవచ్చుచుండును. ఉద్యోగ పరీక్షలకు సిద్ధమగు యువతీయువకులు అనేక జిల్లాలనుండి అచ్చటికి వచ్చి, చిన్న చిన్న గదులలో నివసించుచు, చిక్కడపల్లిలోని నగర కేంద్ర గ్రంథాలయమున పగలెల్ల కూర్చుండి చదువుకొనుచుందురు. వారిలో జంతుశాస్త్రమును తెలుగున చదువువారికి నాప్లియస్ డింభకము, జోయియా డింభకము, మైసిస్ డింభకము అను మాటలు తప్పక ఎదురగును. సముద్రమునే చూడని విద్యార్థి వీనిని మంత్రాక్షరములవలె వల్లించును. పరీక్ష ముగియగానే మరచును.

కాని కోస్తా తీరమున ఈ మూడు మాటలు వేలాది కుటుంబముల జీవనమునకు సంబంధించినవి. వీని అర్థము తెలియక ఒక్క పూట పొరపాటు జరిగినచో లక్షల రొయ్యపిల్లలు చచ్చిపోవును. కావున ఈ పేర్లు ఎట్లు పుట్టినవో, ఎచ్చట ఎట్లు వాడవలెనో తెలిసికొనుట అవసరము.

మొదట డింభకమను మాటను చూతము. ఇది సంస్కృతము నుండి వచ్చినది. శిశువని దీని అర్థము. పోతన భాగవతములో హిరణ్యకశిపుడు తన కుమారుడగు ప్రహ్లాదుని ఈ మాటతోనే సంబోధించును. 1951లో వెలువడిన పాతాళభైరవి చలనచిత్రములో మాంత్రికుడు తోటరాముని డింభకా అని పిలుచుట తెలుగువారందరు ఎరుగుదురు. శాస్త్రజ్ఞులు ఈ పాతమాటకే ఒక క్రొత్త పని అప్పగించిరి. గ్రుడ్డునుండి వెలువడి, స్వతంత్రముగా బ్రతుకుచు, తల్లిని ఏమాత్రము పోలని పిల్లరూపమునకు డింభకమని పేరు పెట్టిరి. ఆవుదూడ చిన్నదైనను ఆవువలెనే యుండును. కావున అది డింభకము కాదు. సీతాకోకచిలుకకు గొంగళిపురుగు డింభకము. కప్పకు తోకకప్ప డింభకము. 1968లో స్థాపింపబడిన తెలుగు అకాడమి ప్రకటించిన కళాశాల పాఠ్యగ్రంథముల ద్వారా ఈ మాట తెలుగుదేశమంతట విద్యార్థుల నోట నిలిచినది.

పాశ్చాత్యులు దీనిని లార్వా అందురు. లాటిను భాషలో ఆ మాటకు ప్రేతమనియు, ముసుగనియు అర్థములు. పెద్ద ప్రాణి యొక్క నిజరూపము ఈ ముసుగువెనుక దాగియున్నదని వారి భావము. ఆ ముసుగు ఎంత దట్టమైనదో ఈ పేర్ల చరిత్రయే తెలుపును.

నాప్లియస్ కథ సముద్రములో గాక మంచినీటిలో ఆరంభమైనది. చెరువునీటిలో సైక్లోప్స్ అను అతి చిన్న ప్రాణి యుండును. ఇదియు రొయ్య, పీత చేరిన క్రస్టేషియా వర్గములోనిదే. అశోక్ నగర్‌కు సమీపముననున్న హుస్సేన్ సాగర్ వంటి చెరువులలో ఇట్టి సూక్ష్మప్రాణులు నివసించును. 18వ శతాబ్దమున డెన్మార్కు దేశీయుడగు ఒట్టో ఫ్రెడెరిక్ ముల్లర్ ఇట్టి నీటిని సూక్ష్మదర్శినితో పరీక్షించి, మూడు జతల కాళ్లు, నడినెత్తిన ఒకే కన్ను గల ప్రాణిని చూచెను. అది ఒక ప్రత్యేకమైన జంతుజాతి అని తలంచి 1785లో ప్రకటించిన గ్రంథమున దానికి నాప్లియస్ అని పేరిడెను. గ్రీకు పురాణములలో నాప్లియస్ సముద్రదేవుడగు పోసైడన్ కుమారుడు. ఆతని తల్లి అమిమోనీ. ముల్లర్ మరియొక చిన్నప్రాణికి ఆ తల్లి పేరే పెట్టెను. నిజమునకు ఆ రెండును వేరు జాతులు కావు. అవి సైక్లోప్స్ వంటి ప్రాణుల పిల్లలే.

జోయియా విషయమునను ఇట్లే జరిగినది. ఫ్రెంచి శాస్త్రజ్ఞుడు లూయీ బోస్క్ 1802లో, సముద్రమున తేలుచు పెద్దకన్నులును వీపుపై పొడవైన ముల్లును గల ఒక ప్రాణిని వర్ణించి దానికి జోయియా అను పేరు పెట్టెను. జీవమను అర్థముగల గ్రీకుమాట దీనికి మూలము. ఆయనయు దానిని ప్రత్యేకమైన జంతువనియే నమ్మెను.

ఈ ముసుగును తొలగించినవాడు జాన్ వాన్ తాంసన్. ఈయన సైన్యములో వైద్యుడు. ఐర్లండు దేశమున కార్క్ ఓడరేవు చెంత నివసించుచు, సన్ననివలతో సముద్రజలమును వడగట్టి చిక్కిన ప్రాణులను పాత్రలలో పెంచి చూచెడివాడు. పీతగ్రుడ్లను కాచియుంచి చూడగా వానినుండి వెలువడినవి పీతలు కావు, జోయియాలు. ఈ సంగతిని ఆయన 1828లో ప్రకటించెను. పలువురు దీనిని నమ్మలేదు. మంచినీటి క్రేఫిష్ పిల్లలు గ్రుడ్డునుండి తల్లి రూపముననే వచ్చుననియు, పీతకు మాత్రము వేరురూపము ఏల కలుగుననియు వారు వాదించిరి.

వారి ప్రశ్న అర్థరహితము కాదు. మన పొలముల గట్లయందు బొరియలు చేసికొని బ్రతుకు మంచినీటి పీతను చూచినను ఈ సందేహమే కలుగును. తల్లిపీత తన పొట్టక్రింది మడతలో గ్రుడ్లను మోయును. వానినుండి చిన్నచిన్న పీతలే వెలువడి కొన్నాళ్లు ఆ మడతలోనే యుండును. డింభకదశ అంతయు గ్రుడ్డులోపలనే ముగిసిపోవును. సముద్రపు పీతలకు అట్లు కాదు. వాని పిల్లలు జోయియాలుగా వెలువడి సముద్రజలమున తేలుచు దూరప్రాంతములకు వ్యాపించును. ఒకే వర్గములో రెండు పద్ధతులు కలవని గ్రహించిన పిమ్మట వివాదము సమసినది.

తాంసన్ అంతటితో ఆగలేదు. ఓడల అడుగుభాగమునకును రాళ్లకును గట్టిగా అంటుకొని పెరిగెడి బార్నకిల్ అను పెంకుప్రాణిని అప్పటివరకు నత్తల వర్గమున చేర్చియుండిరి. దాని పిల్లలు నీటిలో ఈదునట్టివనియు, క్రస్టేషియాలవలె కీళ్లుగల కాళ్లు కలవనియు, అవియే ఒకచోట అంటుకొని బార్నకిల్‌లుగా మారుననియు ఆయన 1830లో చూపెను. పెద్దప్రాణి రూపము దాచిన బంధుత్వమును పిల్లరూపము బయటపెట్టినది. తరువాత 1863లో, బ్రెజిల్ తీరమున నివసించుచుండిన ఫ్రిట్జ్ ముల్లర్, కొన్ని రొయ్యలును తొలుత నాప్లియస్ రూపముననే జీవితము ప్రారంభించునని తెలిపెను. చెరువులోని సైక్లోప్స్, ఓడనంటిన బార్నకిల్, సముద్రములోని రొయ్య మూడును ఒకే కుదురువని దీనివలన స్పష్టమైనది.

ఇట్లు జంతువుల పేర్లుగా పుట్టిన నాప్లియస్, జోయియా అను మాటలు దశల పేర్లుగా మారినవి. బాల్యము, కౌమారము, యౌవనము అనునవి మనుష్యుల పేర్లు కానట్లే ఇవియు ప్రాణుల పేర్లు కావు. నాప్లియస్ తలభాగమునగల మూడు జతల ఉపాంగములతోనే ఈదును. పీతల జోయియా రొమ్ముభాగమునగల కాళ్లతో ఈదును. దాని తరువాత వచ్చు మెగలోపా అను దశలో పొట్టక్రింది కాళ్లు ఈదుటకు ఉపయోగపడును. ఏ కాళ్లతో ఈదుచున్నదో గమనించినచో దశను చాలవరకు గుర్తింపవచ్చును.

తీరప్రాంతపు రొయ్యల హేచరీలలో ఈ దశలన్నియు కన్నులయెదుట జరుగును. విశాఖపట్టణమునకు సమీపమున మంగమారిపేట వద్ద 1980ల చివరిభాగమున రొయ్యపిల్లల ఉత్పత్తికేంద్రము ఏర్పడినది. పిమ్మట ప్రైవేటు హేచరీలు తీరము పొడవున వెలసినవి. ఆ కాలమున టైగర్ రొయ్యకు ప్రాముఖ్యము ఉండెను. 2009లో వనామీ రొయ్య పెంపకమునకు భారతదేశమున అనుమతి లభించిన తరువాత దానిదే పైచేయి అయినది.

హేచరీలో తల్లిరొయ్య రాత్రివేళ లక్షకు మించి గ్రుడ్లు విడుచును. ఒక రోజు గడవకముందే అవి పగిలి నాప్లియస్‌లు వెలువడును. వీని పొడవు అర మిల్లీమీటరు ప్రాంతము. వీనికి నోటితో తినుట తెలియదు. గ్రుడ్డునుండి తెచ్చుకొన్న పచ్చసొనయే వీనికి ఆహారము. కావున ఈ దశలో మేత వేసినను ఫలము లేదు, నీరు చెడును. నాప్లియస్‌లు వెలుగువైపు ఈదుకొనిపోవును. పనివారు తొట్టికి ఒక ప్రక్క దీపము పెట్టి, చురుకుగా చేరినవానిని గ్రహించి, బలహీనములైనవానిని వేరుచేయుదురు.

రెండు రోజుల ప్రాంతమున నాప్లియస్ తన కుబుసమును విడిచి జోయియాగా మారును. అప్పటికి పచ్చసొన అడుగంటును. ఆ క్షణమునుండి మేత నోటికి అందుచుండవలెను. నీటిలో తేలెడి ఏకకణ శైవలములే దీని మేత. శైవలములను ముందే పెంచి సిద్ధముగా నుంచకున్నచో జోయియాలు ఆకలితో మరణించును. జపాను దేశీయుడగు మోటోసాకు ఫుజినాగా 1930ల దశకమున కురుమా రొయ్యపిల్లలను పెంచ ప్రయత్నించినప్పుడు ఎదురైన పెద్దచిక్కు ఇదియే. డయాటములను పెంచి మేతగా ఇచ్చి ఆయన ఆ చిక్కును విడదీసెను. తన పరిశోధనను 1942లో ప్రకటించెను. నేటి రొయ్యల హేచరీలన్నింటికి అదియే పునాది. జోయియా చక్కగా తినుచున్నచో దాని వెనుక మలము సన్నని దారమువలె వ్రేలాడును. పనివాడు గాజుపాత్రలో నీరు తీసి వెలుగుకు ఎత్తిపట్టి ఆ దారమును చూచి ధైర్యము పొందును.

నాలుగైదు రోజులకు జోయియా మైసిస్‌గా మారును. మైసిస్ అను పేరు గల వేరొక చిన్నప్రాణిని పోలియుండుటచే ఈ దశకు ఆ పేరు వచ్చినది. ఇది తల క్రిందుగా వ్రేలాడుచు వెనుకకు చిమ్ముకొనుచు కదలును. మరి మూడు నాలుగు రోజులకు చిన్నరొయ్య రూపము వచ్చును. దానిని శాస్త్రజ్ఞులు పోస్ట్‌లార్వా అందురు. రైతులు సీడు అనియు, పిల్ల అనియు వ్యవహరింతురు. పీ.ఎల్. పది అని వారు చెప్పినచో ఆ రూపము వచ్చి పది రోజులైనదని అర్థము.

ఈ మాటలను వాడుటలో కొన్ని జాగ్రత్తలు కలవు. మొదటిది, నాప్లియస్ అని ఊరక చెప్పరాదు, ఏ ప్రాణి నాప్లియస్ అన్నది చెప్పవలెను. హేచరీలో దీని అవసరము ప్రత్యక్షముగా కనిపించును. మైసిస్ మేతగా ఆర్టీమియా అను ఉప్పునీటి ప్రాణి నాప్లియస్‌లను వేయుదురు. ఒక తొట్టిలోని నాప్లియస్ పెంచవలసిన బిడ్డ. వేరొక పాత్రలోని నాప్లియస్ ఆ బిడ్డకు కొన్నిదినముల తరువాత పెట్టవలసిన మేత. పేరు ఒక్కటే, పని వేరు.

రెండవది, ప్రతి ప్రాణికిని అన్ని దశలు ఉండునని భావింపరాదు. మండపీత గ్రుడ్డునుండి జోయియాగానే వెలువడి, తరువాత మెగలోపాయై, పిదప పీత యగును. గోదావరి, కృష్ణా నదులలో పెరుగు నీలకంఠ రొయ్యయు నాప్లియస్ దశను గ్రుడ్డులోనే గడపి జోయియాగా వెలికివచ్చును. పెద్దది మంచినీటిలో బ్రతికినను దాని డింభకమునకు కొంత ఉప్పు కలిసిన నీరు కావలెను. అందుచేతనే తల్లిరొయ్య నదీముఖమువైపు ప్రయాణము చేయును.

మూడవది, ఒకే మాటకు శాస్త్రమునందును పనిచోటను కొంచెము భేదముండవచ్చును. హేచరీవారు జోయియా అని పిలుచు రొయ్యపిల్లను శాస్త్రగ్రంథములు ప్రోటోజోయియా అనును. ఏలయనగా అది పీత జోయియావలె రొమ్ముకాళ్లపై ఆధారపడక ఇంకను తలభాగపు స్పర్శశృంగములతోనే ముఖ్యముగా ఈదును. రెండు వాడుకలును తప్పు కావు. ఎవరితో మాటలాడుచున్నామో గ్రహించి వాడవలెను.

పేరు నేర్చుట తేలిక. ఒకప్పుడు గొప్ప పండితులు సైతము బిడ్డను చూచి వేరొక జాతి అని భ్రమపడిరి. గ్రుడ్డును పగులువరకు కాచి, పిల్లను రూపము మారువరకు పెంచి చూచినవానికే సత్యము దొరకినది. నాప్లియస్, జోయియా, మైసిస్ అను మాటలను అశోక్ నగర్‌లో చదువు విద్యార్థియు, తీరమున అర్ధరాత్రి తొట్టి కడ నిలిచి పాత్రను దీపమునకు ఎత్తిచూచు పనివాడును ఒకే విధముగా పలుకుదురు. ఆ మాట వెనుక ఏ ప్రాణి కలదో, దాని వయస్సు ఎంతయో, దానికి అప్పుడు ఏమి కావలెనో తెలిసి పలికినప్పుడే అది విద్య యగును.