వద్దన్న గొంతే ఊరూరా మోగింది
గంగనాపల్లి నుంచి మద్రాసు దాకా రావు గోపాలరావు ప్రయాణం

తుని: పెళ్ళివారింట మైకుసెట్టు పెట్టిస్తే పాటల రికార్డులు వేయడం మామూలు. 1975 తరువాత కొన్నేళ్ళపాటు మన పల్లెల్లో ఆ మామూలు మారింది. తాడిచెట్టుకు కట్టిన బాకాలోంచి పాటల బదులు ఒక మనిషి మాటలు వినవచ్చేవి. తెర లేదు, బొమ్మ లేదు, ఉత్త మాటలే. ఆ మనిషి నింపాదిగా, నవ్వుతున్నట్టుగా మాట్లాడేవాడు. చెప్పేవి మాత్రం ఒక ఇల్లాలి కాపురం కూల్చే మాటలు. అయినా పందిట్లో పనులు చేసుకుంటున్న వాళ్ళు చేతిలో పని ఆపి వినేవారు. కుర్రకారుకు ఆ మాటలు కంఠతా వచ్చేశాయి.

ఆ గొంతు రావు గోపాలరావుది. సినిమా 'ముత్యాల ముగ్గు'. అంతకు ఆరేళ్ళ ముందు, 1969లో, ఆయన ప్రతినాయకుడిగా వేసిన 'జగత్ కిలాడీలు' చిత్రంలో తెర మీద మనిషి ఆయనే అయినా మాట ఆయనది కాదు. గొంతు బాగాలేదని వేరొకరి చేత చెప్పించారు.

గోపాలరావు 1937 జనవరి 14న, సంక్రాంతి రోజుల్లో, కాకినాడ పక్కనున్న గంగనాపల్లిలో పుట్టారు. అప్పుడు అది తూర్పుగోదావరి జిల్లా. 2022 ఏప్రిల్‌లో జిల్లాలు విడగొట్టినప్పుడు తుని, గంగనాపల్లి రెండూ కాకినాడ జిల్లాలోకే వచ్చాయి. కనుక ఆయన మనకు అప్పుడూ జిల్లావాసే, ఇప్పుడూ జిల్లావాసే.

కాకినాడ నాటకాల ఊరు. ఎస్.వి. రంగారావు, అంజలీదేవి, ఆదినారాయణరావు వంటి వారు అక్కడి యంగ్‌మెన్స్ హ్యాపీ క్లబ్బు నాటకాల మీదుగా సినిమాలకు వెళ్ళినవారే. ఆ గాలి సోకిన వారు ఊరికి పదిమంది ఉండేవారు. పగలు ఏదో ఒక కొలువు, సాయంత్రం రిహార్సలు, పరిషత్తు పోటీలు వస్తే రైలెక్కి పోవడం, కప్పు తెచ్చుకుంటే ఊళ్ళో ఊరేగింపు. గోపాలరావు కూడా ఆ దారినే వచ్చారు. రాజమండ్రి రచయిత భమిడిపాటి రాధాకృష్ణ రాసిన 'కీర్తిశేషులు' నాటకం ఆయనకు బాగా పేరు తెచ్చింది. ఆ నాటకంలోనే ఆయన ఎస్.వి. రంగారావు కంట పడ్డారు. రంగారావు ఊరికే మెచ్చుకుని ఊరుకోలేదు, దర్శకుడు గుత్తా రామినీడుకు పరిచయం చేశారు. 1966లో వచ్చిన 'భక్త పోతన'కు గోపాలరావు సహాయ దర్శకుడిగా పనిచేశారు. అందులోనే ఒక చిన్న వేషం కూడా వేశారు.

ఇక్కడ డబ్బింగు సంగతి కొంచెం చెప్పుకోవాలి. సినిమా తీసేటప్పుడు నటుడు పలికిన మాటను అలాగే ఉంచరు. తరువాత చీకటి గదిలో బొమ్మను ముక్కలు ముక్కలుగా తిప్పి తిప్పి చూపిస్తుంటే, పెదవి కదలికకు సరిపోయేలా మైకు ముందు మళ్ళీ పలకాలి. ఆ మైకు ముందు నిలబడేది నటుడే కావాలన్న నియమం లేదు. గొంతు నచ్చకపోతే ఇంకొకరిని పిలిపిస్తారు. హీరోకు ఇలా జరిగితే పదిమందికీ తెలుస్తుంది. సహాయ పాత్రలవాడికి జరిగితే ఎవరూ పట్టించుకోరు. కానీ నాటకాల నుంచి వచ్చినవాడికి అది చిన్న దెబ్బ కాదు. వాచకం వల్లనే నలుగురిలో నిలబడినవాడిని వాచకం వదిలేయమన్నట్లయింది.

గోపాలరావు మద్రాసు వదిలి రాలేదు. దొరికిన వేషమల్లా వేశారు. 1973లో కె. విశ్వనాథ్ తీసిన 'శారద'లో నాయికకు అన్నగారు. విలనీ ఛాయ కూడా లేని పాత్ర అది.

1975లో బాపు, రమణలు 'ముత్యాల ముగ్గు' తీశారు. బాపుది నరసాపురం, ముళ్ళపూడి వెంకటరమణది ధవళేశ్వరం. ఉత్తర రామాయణం కథనే పల్లెటూరి సంసారంలోకి తెచ్చారు. కొత్త కోడలి మీద నింద వేయించి కాపురం విడదీసే కంట్రాక్టరు వేషం గోపాలరావుకు ఇచ్చారు. పాత చిత్రాల్లో దుర్మార్గుడంటే కళ్ళెర్రజేసేవాడు, పళ్ళు కొరికేవాడు, కత్తి దూసేవాడు. ఈ కంట్రాక్టరు అలాంటివాడు కాడు. తెల్లారి లేచి సూర్యోదయం చూసి మురిసిపోతాడు. మేళగాళ్ళను వెంటబెట్టుకుని తిరుగుతాడు. ఎదుటివాడిని కసిరి అయినా మాట్లాడడు. ఆయన యాస మన గోదావరి యాసే. రోడ్డు పనులూ కాలువ పనులూ జరిగే ప్రతి ఊళ్ళో అలాంటి పెద్దమనిషి ఒకడు తారసపడుతూనే ఉంటాడు. జనం భయపడింది అందుకే, నవ్వుకున్నదీ అందుకే.

రమణ రాసిన మాటల బలం ఎంతైనా ఉంది. కాదనడానికి లేదు. అయితే అవే మాటలు ఇంకొకరు హడావుడిగా పలికితే అంత పండేవి కావు. ఎక్కడ ఆగాలో, ఏ మాట సాగదీయాలో, ఏ మాట మింగేయాలో గోపాలరావుకు తెలుసు. నాటకాలాడిన రోజుల్లో నేర్చిన విద్య అది. ఈసారి ఆయన గొంతును ఎవరూ మార్చలేదు. ఆ చిత్రానికి ఉత్తమ తెలుగు చిత్రంగా జాతీయ బహుమతి వచ్చింది. సంభాషణలు ఎల్.పి. రికార్డులుగా వచ్చి ఊరూరా మోగాయి. 'కలాపోసన' అన్న మాట ఆ చిత్రం నుంచే జనం నోట పడింది. ఇప్పుడు సన్మాన సభల్లో దానిని పొగడ్తగా వాడేస్తున్నారు గానీ, అసలు ఆ మాటన్నది ఎటువంటివాడో గుర్తుంచుకుంటే మంచిది.

ఆ తరువాత తీరిక లేదు. 1976లో 'భక్త కన్నప్ప'లో కైలాసనాథశాస్త్రి, 1978లో 'మన ఊరి పాండవులు'లో ఊరిని పీడించే దొర. 1979లో 'వేటగాడు' కోసం జంధ్యాల ప్రాసలతో నింపిన సంభాషణలు రాస్తే ఆయన ఊపిరి తిప్పుకోకుండా పలికారు. హాల్లో నేల టికెట్టు వాళ్ళు వాటి కోసమే మళ్ళీ మళ్ళీ వెళ్ళారు. 1980లో ఏకంగా ఆయన పేరుతోనే 'గోపాలరావు గారి అమ్మాయి' అనే చిత్రం వచ్చింది. 1983లో 'ఖైదీ'లో విలన్, అదే ఏడాది 'అభిలాష'లో మర్యాదస్తుడైన లాయరు.

వందల చిత్రాల్లో వేషాలు వేసిన మనిషికి అన్నీ మంచివే దొరకవు. ఎనభైల్లో చాలామంది దర్శకులు ఆయనకు ఖరీదైన దుస్తులు తొడిగి, పది మంది రౌడీలను వెనుక నిలబెట్టి, అదే కంట్రాక్టరును మళ్ళీ మళ్ళీ అడిగారు. కాల్షీటు ఇచ్చాక కాదనలేరు గదా! అయినా ఆయన తెర మీద ఉన్నంతసేపూ చూసినవారికి డబ్బులు దండగ అనిపించలేదు.

ఇంట్లోనూ గొంతు మీద బతికిన కళే. ఆయన భార్య కమలకుమారి హరికథా కళాకారిణి. 1986 నుంచి 1992 వరకు గోపాలరావు తెలుగుదేశం పక్షాన రాజ్యసభ సభ్యులుగా ఉన్నారు. ఆ రోజుల్లోనూ వేషాలు మానలేదు. 1992లో 'ఘరానా మొగుడు'లో వేసిన బాపినీడు పాత్ర చాలామందికి ఇప్పటికీ గుర్తే. 1994 ఆగస్టు 13న ఆయన కన్నుమూశారు. అప్పటికి ఆయన వయసు 57 ఏళ్ళు.

కుమారుడు రావు రమేష్ కూడా సహాయ పాత్రల దారినే వచ్చారు. 2008లో 'గమ్యం', 'కొత్త బంగారు లోకం' చిత్రాలతో జనానికి తెలిశారు. తండ్రిలాగే ఆయనా నింపాదిగా మాట్లాడతారు. 2024లో వచ్చిన 'మారుతీనగర్ సుబ్రమణ్యం'లో టైటిలు పాత్ర ఆయనదే. 'గోపాలరావు గారి అమ్మాయి'లో తండ్రి పేరు టైటిలుకెక్కినా కథ అమ్మాయిది. కొడుకు సినిమాలో కథ కూడా సుబ్రమణ్యానిదే.